ఊరికే తీసిన సినిమా

2025 ఫిబ్రవరిలో సికింద్రాబాద్ స్టేషన్ పాత బిల్డింగ్ కూల్చేస్తున్నారని పేపర్లో వచ్చినప్పుడు మా స్కూల్ వాట్సాప్ గ్రూపులో ఒకడు అడిగాడు: "ఒరేయ్, పాత స్టేషన్ ఫోటో మంచిది ఎవడి దగ్గరన్నా ఉందారా?"

ఆ గ్రూపులో నలభై మందిమి ఉన్నాం. అందరం మెట్టుగూడ, చిలకలగూడ, లాలాగూడ పిల్లలమే. ఆ స్టేషన్ ముందు నుంచి ఒక్కొక్కడం కొన్ని వేలసార్లు నడిచుంటాం. గంటసేపు అందరూ ఇల్లంతా తిరగేస్తే మొత్తం కలిపి ఐదు ఫోటోలు బయటపడ్డాయి. ఐదింట్లోనూ మేమే ఉన్నాం! పెళ్ళికి పోతూ సూట్‌కేసుల పక్కన ఒకటి, అయ్యప్ప మాలలో ఒకటి, అమెరికా పోయేవాడికి దండేసి ముంబై రైలెక్కిస్తూ ఒకటి... ఇలాగన్నమాట. స్టేషన్ మాత్రం వెనకాల ఎక్కడో ఓ కమాను ముక్క, ఓ గోడ అంచు.

నా దగ్గర ఉండాలే అనుకున్నాను. ఎందుకంటే 2009లో నేనో సినిమా తీశాను. నవ్వకండి. ఆరు నిమిషాల సినిమా. దాని కథ చెప్పాలంటే ముందు ఇంకో సినిమా గురించి చెప్పాలి.

నేను సినిమావాణ్ణి కాను. మాదాపూర్‌లో కోడు రాసుకుని బతికేవాణ్ణి, ఇప్పటికీ అదే పని. అప్పట్లో మా టీంలో ప్రపంచ సినిమా పిచ్చి ఉన్న కుర్రాడొకడు ఉండేవాడు. లంచ్‌లో వాడి పక్కన కూర్చుంటే మనకి తెలియని దేశం సినిమా ఒకటి తెలిసేది. ఓ రోజు ఒక డీవీడీ చేతిలో పెట్టి "పన్నెండు నిమిషాలే బాస్, చూసి చెప్పు" అన్నాడు. జోరిస్ ఇవెన్స్ అనే డచ్చాయన, మానస్ ఫ్రాంకెన్ అనే ఇంకొకాయనతో కలిసి 1929లో తీసిన 'రెయిన్'. మూకీ సినిమా. ఆమ్‌స్టర్‌డామ్ మీద ఒక వాన కురిసి వెలిసిపోతుంది. అంతే, కథ అయిపోయింది.

హీరో లేడు, మాట లేదు, కింద అక్షరాలు కూడా లేవు. ముందు మామూలు ఎండ, కాలవలో నీళ్ళు. గాలి లేస్తుంది. ఒకాయన చెయ్యి చాచి చినుకు పడుతోందా అని చూసుకుంటాడు. గొడుగులు విచ్చుకుంటాయి. కాలవ మీద చినుకుల వలయాలు, కప్పుల మీంచి జారే నీళ్ళు, ట్రాం కిటికీ అద్దం మీద ధారలు, ఆ ధారల వెనక కదిలిపోయే ఊరు. చివరికి వాన వెలుస్తుంది, తడి రోడ్డు మీద వెలుగు పడుతుంది. మనం రోజూ చూసి చూడనట్టు వదిలేసేవన్నీ వరసగా పేర్చాడు. నాకు చిన్నప్పుడు మెట్టుగూడ క్వార్టర్ కిటికీలోంచి వాన చూస్తూ కూర్చున్న మధ్యాహ్నాలు గుర్తొచ్చాయి.

మా నాన్న పక్కనే పేపర్ చదువుతూ ఉన్నాడు. లాలాగూడ రైల్వే వర్క్‌షాపులో ఫిట్టర్‌గా చేసి అప్పటికి రిటైరయ్యాడు. మధ్యలో పేపర్ దించి చూశాడు. "కథ ఇంకా షురూ కాలేదా?" అన్నాడు. "లేదు నాన్నా, ఇదే కథ" అన్నాను. అయిపోయాక, "వాన మంచిగనే పడ్డది" అని మళ్ళీ పేపర్ ఎత్తాడు :)

అదే డీవీడీలో ఇవెన్స్ ఏడాది ముందు, అంటే 1928లో తీసిన 'ది బ్రిడ్జ్' కూడా ఉంది. రాటర్‌డామ్‌లో ఒక రైలు వంతెన. రైలొచ్చి ఆగుతుంది, ఓడ పోవడానికి వంతెన మధ్యముక్క మొత్తం పైకి లేస్తుంది, ఓడ పోయాక దిగుతుంది, రైలు వెళ్ళిపోతుంది. దీన్ని మాత్రం మా నాన్న కుర్చీ ముందుకి లాక్కుని చూశాడు. చక్రాలు, తాళ్ళు, ఎదురు బరువులు ఏది ఎందుకో నాకు వివరించాడు. రెండోసారి కూడా పెట్టించుకున్నాడు. ముప్పై ఏళ్ళు తను చేతుల్తో చేసిన పనిలాంటిదాన్ని ఎవరో తెర మీద అంత శ్రద్ధగా చూపించడం అదే మొదటిసారి అనుకుంటా ఆయనకి.

నాకు 'రెయిన్' కంటే కూడా అది తీసిన తీరు ఎక్కువ నచ్చింది. చూస్తే ఒక్క వానలాగే ఉంటుంది కానీ, అది ఒక్క వాన కాదు. దాదాపు నాలుగు నెలలు, వాన పడ్డప్పుడల్లా పరిగెత్తి తీసినవన్నీ కలిపి ఒక్క వాన చేశాడు. కెమెరాని వదిలిపెట్టకుండా తిరిగేవాడట. ఊళ్ళో అక్కడక్కడా ఉన్న తెలిసినవాళ్ళకి చెప్పి పెట్టుకున్నాడు, మీ దగ్గర ఫలానా రకం వాన మొదలవగానే నాకు ఫోన్ చెయ్యండి అని. మా భాషలో చెప్పాలంటే ఊరంతా అలర్ట్‌లు కాన్ఫిగర్ చేసుకున్నాడు.

ఇలాంటి సినిమాలు అప్పట్లో చాలా వచ్చాయి. 1927లో రుట్‌మన్ బెర్లిన్ మీద తీశాడు, 1929లో వెర్తోవ్ 'మ్యాన్ విత్ ఎ మూవీ కెమెరా' తీశాడు. ఒక నగరం పొద్దున లేచిన దగ్గర్నుంచీ ఏం చేస్తుందో చూపించే వీటిని సిటీ సింఫనీలు అంటారు. మన దగ్గర 1967లో ఎస్. సుఖ్‌దేవ్ ఫిల్మ్స్ డివిజన్ కోసం 'ఇండియా 67' తీశాడు, వ్యాఖ్యానం ఒక్క ముక్క లేకుండా. అసలు సినిమా పుట్టిందే మామూలు రోజులోంచి కదా! 1895లో లూమియేర్ సోదరులు తీసింది ఏమిటి? పని అయిపోయాక వాళ్ళ ఫ్యాక్టరీ గేటులోంచి కార్మికులు బయటికి రావడం. నిమిషం కూడా ఉండదు.

అది చూసినప్పుడు నాకు లాలాగూడ వర్క్‌షాపు గేటే కనిపించింది. సాయంత్రం సైరన్ మోగగానే గేటు తెరుచుకుని సైకిళ్ళు వరద వచ్చినట్టు వచ్చేవి. ఖాళీ టిఫిన్ డబ్బాలు హ్యాండిల్‌కి తగులుకుని టకటకమనేవి. మేం పిల్లలం ఎదురుగా గోడెక్కి కూర్చుని, అన్ని నీలం చొక్కాల్లో ఎవడి నాన్నని వాడు ముందు పట్టుకోవాలని పందెం వేసుకునేవాళ్ళం. ఆ గేటుని ఎవరూ సినిమా తీయలేదు. తీయాలని ఎవరికి తోస్తుంది, రోజూ ఉండేదే కదా!

మా వృత్తిలో ఇది బాగా తెలిసిన జబ్బు. ప్రొడక్షన్ సర్వర్లో ఎర్రర్లు మాత్రమే లాగ్ చేస్తాం. అంతా సవ్యంగా నడుస్తున్నప్పుడు రాసుకునేది దండగ అని, డిస్కు నిండిపోతుందని ఆపేస్తాం. తీరా ఒక రోజు సిస్టం పడిపోయాక, నిన్నటిదాకా మామూలుగా ఎలా ఉండేదో చూద్దామంటే అక్కడేమీ ఉండదు. ఇళ్ళలో ఆల్బమ్‌లూ అంతే. పెళ్ళిళ్ళుంటాయి, పుట్టినరోజులుంటాయి. మంగళవారాలుండవు.

సరే, నా సినిమాకి వస్తాను. మా బావమరిది అమెరికా నుంచి తెచ్చి మొహం మొత్తి నాకిచ్చిన హ్యాండీక్యామ్ ఒకటుంది. మినీ డీవీ టేపులు మూడు కొన్నాను. ప్లాన్ ఏమిటంటే, లష్కర్ మీద వాన! (సికింద్రాబాద్‌ని మా పాతవాళ్ళు లష్కరే అంటారు.) జూన్‌లో మొదటి వానకి మోండా మార్కెట్లో మొదలుపెట్టి, స్టేషన్, రేతిఫైల్ బస్టాండ్, క్లాక్ టవర్ మీదుగా వెళ్ళాలని నోట్‌బుక్కులో షాట్లు కూడా రాసుకున్నాను. ఇవెన్స్ గారూ, కాచుకోండి!

ఆ వానాకాలం మీకు గుర్తుండే ఉంటుంది. 2009 జూన్‌లో దేశమంతా వానల్లేవు. కరువు సంవత్సరం. ఆదివారం ఆదివారం తెల్లారగట్ల నాలుగున్నరకి లేచి మబ్బు వంక చూడటం, మబ్బు నా వంక చూడటం. మా నాన్నకి రిటైరయ్యాక కూడా అదే టైంకి మెలకువ వచ్చేది, అందుకని తనూ బయల్దేరేవాడు. చేతిలో నల్ల గొడుగు. "వాన పడట్లేదు కదా నాన్నా, గొడుగెందుకు?" అంటే, "వాన సినిమా అంటివి, గొడుగు లేకుంటే ఎట్ల?" అనేవాడు.

మూడు ఆదివారాలయ్యాక వానని వదిలేసి, ఉన్నది తీయడం మొదలుపెట్టాను. మోండాలో మూటలు దింపుతున్న హమాలీలు. రాత్రికి కోసిన కొత్తిమీర మీద నీళ్ళు చిలకరిస్తున్న చేతులు. స్టేషన్ బయట నేల మీద పరుచుకుని పేపర్లలో సప్లిమెంట్లు దోపుతున్న కుర్రాళ్ళు. లోపల షూటింగ్‌కి పర్మిషన్ కావాలి కాబట్టి బయటి నుంచే స్టేషన్. రేతిఫైల్లో బస్సు మెట్టు మీద నిలబడి "కోఠి, కోఠి, కోఠి" అని అరుస్తున్న కండక్టర్. ఆల్ఫా హోటల్లో సాసర్లోకి వొంపిన చాయ్ మీద పొగ.

మోండాలో పూలమ్మే ఆవిడ ఒకామె కెమెరా చూసి అడిగింది. "ఏం తీస్తున్నవ్ బిడ్డా? టీవీల వస్తదా?"

"రాదమ్మా, ఊరికే" అన్నాను.

"ఊరికే ఎవలన్న తీస్తరా?" అంది. నిజంగానే అర్థం కాక అడిగింది. నా దగ్గర జవాబు లేదు. మా నాన్నే కలగజేసుకుని, "మావోనికి ఆదివారం పని ఉండదమ్మా" అన్నాడు. ఆవిడ పకపకా నవ్వింది. మూర మల్లెపూలు కొన్నాడు అమ్మ కోసం. ఆవిడ కొసరు కూడా వేసింది.

ఎడిటింగ్ అసలు నరకం. గంట టేపు కంప్యూటర్‌లోకి ఎక్కించాలంటే పదమూడు జీబీ కావాలి, గంటా పడుతుంది. విండోస్ మూవీ మేకర్ పావుగంటకోసారి కూలబడేది. దానికి తోడు ప్రతి రెండో షాట్లోనూ మా నాన్న! ఎడమవైపు మూల గొడుగు మొన, లేకపోతే మధ్యలో ఆయన వీపు, అదీ కాకపోతే వెనకనుంచి "ఏం రా, అయిందా?" అని గొంతు. అవన్నీ పాడైన షాట్లు. జాగ్రత్తగా ఒక్కొక్కటీ కోసిపారేశాను. మనుషులు కెమెరా వంక చూసినవి కోశాను. ఎవరైనా మాట్లాడినవి కోశాను. మిగిలిన ఆరు నిమిషాలకి ఫ్లూటు ముక్క ఒకటి తగిలించాను. కవిత్వం అంటే ఇదే అనుకున్నాను.

ఇంట్లో టీవీకి కలిపి అందరికీ చూపించాను. "మన మోండానేనా ఇది, ఇంత శుభ్రంగా ఉంది!" అంది అమ్మ. మా ఆవిడ ఫ్లూటు బావుందంది. నాన్న కాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "మంచిగుంది. కానీ ఎవ్వరూ మాట్లాడరేందిరా? పూలామె ముఖం సుత చూపెట్టకపోతివి. ఉత్త చేతులే చూపెడితివి" అన్నాడు. "అలా చూపిస్తేనే బావుంటుంది నాన్నా" అన్నాను. "పూలు ఎవ్వలి దగ్గరైనా ఒక్కతీరుగనే ఉంటయి కదరా. ఆమె నవ్విందే మంచిగుండె" అన్నాడు.

నాకు ఒళ్ళు మండింది. 1929 నాటి గొప్ప సినిమాని చూసి 'కథ షురూ కాలేదా' అన్న మనిషికి ఏం తెలుసులే అనుకున్నాను.

తర్వాత చాలా ఏళ్ళకి ఇవెన్స్ ఆత్మకథలో ఈ సంగతి గురించే చదివి నోరు వెళ్ళబెట్టాను. 'రెయిన్' మీద వచ్చిన విమర్శల్లో పెద్దది, అందులో విషయం లేదు అన్నదట. ఆ మాట ఒక రకంగా నిజమే అని ఆయనే ఒప్పుకున్నాడు. పెద్ద నగరంలో వాన పడితే మనుషులకి ఏమవుతుందో తను సరిగా పట్టించుకోలేదన్నాడు. ఆ తర్వాత ఆయన సముద్రాన్ని పూడ్చి నేల చేస్తున్న కూలీల దగ్గరికి, 1933లో బెల్జియం బొగ్గుగని కార్మికుల దగ్గరికి కెమెరా పట్టుకెళ్ళాడు. మా నాన్న ఒక్క వాక్యంలో చెప్పింది అదే. అలాగని 'రెయిన్' గొప్పతనం తగ్గిపోదు. ఇప్పుడు చూసినా ఆ ట్రాం కిటికీ దగ్గర నా చూపు ఆగిపోతుంది. కానీ ఆ కిటికీ లోపల కూర్చున్నది ఎవరు అని కూడా ఇప్పుడు అనిపిస్తుంది.

ఇంకో సంగతి కూడా గమనించాను. లూమియేర్లు తీసింది వాళ్ళ నాన్న పెట్టిన ఫ్యాక్టరీ గేటు. ఇవెన్స్ వాళ్ళ నాన్నది కెమెరాలమ్మే వ్యాపారం. మన శ్యామ్ బెనెగల్ సంగతీ అంతే. సికింద్రాబాద్ తిరుమలగిరిలో 1934లో పుట్టాడాయన, వాళ్ళ నాన్న ఫోటోగ్రాఫర్. పన్నెండేళ్ళప్పుడు వాళ్ళ నాన్న కెమెరాతోనే మొదటి సినిమా తీశాడు. హైదరాబాద్ ఫిల్మ్ సొసైటీ పెట్టి, బొంబాయి పోయి, 'అంకుర్' (1974) తీసే లోపల బోలెడన్ని యాడ్ సినిమాలు, డాక్యుమెంటరీలు తీశాడు. 2024 డిసెంబర్ 23న ఆయన పోయినప్పుడు అన్ని పేపర్లూ రాశాయి. సినిమాలు తీసేవాళ్ళ వెనక ఇలా కెమెరాలున్న నాన్నలు ఉంటారన్నమాట. మా నాన్న దగ్గర గొడుగుంది.

2017లో నాన్న పోయాడు. నా సినిమాలో ఆయన ఎక్కడా లేడు. అంత బాగా కోశాను.

మరి టేపులు? రెండింటి మీద మేమే మళ్ళీ రికార్డు చేశాం. ఒకదాని మీద మేనకోడలి పుట్టినరోజు, ఇంకోదాని మీద ఎవరిదో ఎంగేజ్‌మెంట్. చెప్పాను కదా, ఆల్బమ్‌ల జబ్బు. మూడోది మాత్రం అటక మీద ఒక డబ్బాలో, పాత మోడెం కింద దొరికింది. అదీ వాట్సాప్‌లో వాడు స్టేషన్ ఫోటో అడిగాక వెతికితేనే. హ్యాండీక్యామ్ ఎప్పుడో చచ్చిపోయింది. పాత టేపుల్ని ఎక్కించి ఇచ్చే షాపు వెతికి పట్టుకుని ఇస్తే, పది రోజులకి పెన్ డ్రైవ్ ఇచ్చారు. అక్కడక్కడా గళ్ళు గళ్ళుగా చెదిరిపోయింది కానీ, నలభై నిమిషాల పైనే బతికుంది.

అందులో స్టేషన్ షాట్ ఉంది. నా సినిమాలో అది నాలుగు సెకన్లు, ఎవరూ లేని కమాన్లు, పైన లేత వెలుగు. టేపులో మాత్రం నిమిషంన్నర ఉంది. ఎదురుగా పాత బిల్డింగు నిండుగా. ముందు ఆటోలు, ఎర్రచొక్కాల కూలీలు, తలమీద బ్యాగుతో ఒకావిడ, ఆవిడ కొంగు పట్టుకుని నిద్రమొహం పిల్లాడు. లోపల్నుంచి అనౌన్స్‌మెంట్ సన్నగా, ఏ రైలో తెలియట్లేదు. ఎడమ మూల గొడుగు మొన. తర్వాత మనిషే వచ్చేశాడు. కెమెరా నడుస్తోందని తెలియక సరిగ్గా మధ్యలో నిలబడి, నాకు వీపు చూపిస్తూ తలెత్తి స్టేషన్ వంక చూశాడు. కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకుని పెట్టుకున్నాడు. వెనక్కి తిరిగి, "ఏం రా, అయిందా? చాయ్ తాగుదాం పా" అన్నాడు.

వెంటనే నా గొంతు. "అబ్బా నాన్నా, తప్పుకో! షాట్ పాడైపోతోంది."

ఆయన గబగబా పక్కకి తప్పుకున్నాడు. ఆ తర్వాత ఇరవై సెకన్లు ఎవరూ లేరు. నా నాలుగు సెకన్లూ తీసుకున్నది అక్కడినుంచే.

మా అమ్మకి చూపించాను. మూడుసార్లు పెట్టమంది. మూడోసారి కళ్ళు మూసుకుని గొంతు మాత్రం విన్నది. ఫోటోలు బోలెడున్నాయి మా ఇంట్లో, గొంతు ఇదొక్కటే.

ఆ నిమిషంన్నరా కోయకుండా మొత్తం గ్రూపులో పెట్టాను. స్టేషన్ కావాలన్నవాడు థాంక్స్ చెప్పాడు. రాత్రి పదకొండింటికి ఇంకొకడు విడిగా మెసేజ్ పెట్టాడు. వాళ్ళ నాన్న స్టేషన్ దగ్గర ఆటో నడిపేవాడు. "ఆపి ఆపి చూసిన రా, మా నాయిన ఆటో ఉందేమోనని. కనవడలే. ఇంకేమన్న ఉందా నీ దగ్గర?" అని. కోసేసిన రెండు టేపుల్లో ఉందేమో! ఏమని చెప్పను వాడికి?

ఇప్పుడు అందరి చేతుల్లోనూ కెమెరాలున్నాయి కదా, ఇంకేం ఇబ్బంది అంటారా? యూట్యూబ్‌లో మన నగరం మీద 'సినిమాటిక్' అని ఉన్న వీడియోలు ఓ పది చూడండి. కాకి ఎగురుతూ చూసినట్టు పైనుంచి డ్రోను, కేబుల్ బ్రిడ్జి, చార్మినార్, బిర్యానీ మీంచి ఆవిరి, కింద నుంచి గుండె అదిరే మ్యూజిక్కు. అన్నీ అందంగానే ఉంటాయి. ఒక్కదాంట్లోనూ ఎవరి గొంతూ వినిపించదు. నేను 2009లో చేసిన తప్పే, కాకపోతే మంచి కెమెరాతో.

పాత స్టేషన్‌ని ఉంచాల్సిందని వాదించడం నా ఉద్దేశం కాదు. రైళ్ళు పెరిగాయి, జనం పెరిగారు. 1874లో వాడీ నుంచి మొదటి రైలొచ్చిన నాటి స్టేషనూ నేను చూసింది కాదు. కట్టడాలు పోతాయి, కొత్తవి వస్తాయి. పోయే ముందు వాటి కింద ఎవరెవరు ఎలా తిరిగారన్నది కాస్తన్నా ఎక్కడో ఒక చోట ఉంటే బావుంటుందని మాత్రమే.

ఈ మధ్య ఆదివారాలు నేను మళ్ళీ వెళ్తున్నాను. ఫోన్‌ని ఒక చోట ఆనించి ఒక్క నిమిషం తీస్తాను. కదపను, కోయను, పాట పెట్టను. ఫోల్డర్లో తేదీ వేసి పడేస్తాను. ఎవరైనా వచ్చి అడ్డంగా నిలబడితే నిలబడనిస్తాను. మొన్న మోండాలో అరటిపళ్ళ బండాయన అడిగాడు, "దేనికి సార్ ఇది?" అని.

ఊరికే అన్నాను.